తంగేడు పొద, దాని బీడు నేల

[దృశ్యం: వానలు తగ్గాక ఎర్ర నేల గుట్ట. రాళ్ల మధ్య పసుపు పూలతో తంగేడు పొదలు]

బతుకమ్మలో గునుగు పక్కన పేర్చే పసుపు పువ్వు తంగేడు. 2014లో తెలంగాణ దీన్ని రాష్ట్ర పుష్పంగా ప్రకటించింది. పువ్వు అందరికీ తెలుసు. మరి ఈ పొద ఎలాంటి నేలలో బతుకుతుంది? ఆ నేలను మనం ఏం చేస్తున్నాం? ఈ వీడియోలో అది చూద్దాం.

దీని శాస్త్రీయ నామం సెన్నా ఆరిక్యులేటా. పాత పుస్తకాల్లో కేసియా ఆరిక్యులేటా అని ఉంటుంది. చిక్కుడు కుటుంబానికి చెందిన మొక్క. మన దేశం, శ్రీలంక దీని సొంత గడ్డ.

[క్లోజప్: ఆకు కాడ కొమ్మకు అతికిన చోటు]

పూలు లేనప్పుడు గుర్తుపట్టాలంటే ఇక్కడ చూడండి. ఆకు కాడ మొదట్లో, కొమ్మను పట్టుకుని, చెవుల్లాంటి వెడల్పాటి చిన్న రేకులు ఉంటాయి. ఆకులో ఒక్కో జత రెబ్బల మధ్య నిలబడ్డ సన్నటి గ్రంథి కూడా కనిపిస్తుంది.

[క్లోజప్: పువ్వు మీద వాలిన నల్లటి తుమ్మెద]

నాకు అన్నిటికంటే ఆశ్చర్యం కలిగించేది ఈ పువ్వు పనితనం. ఇందులో తేనె ఉండదు, పుప్పొడే ఉంటుంది. అదీ ఊరికే రాలదు. పుప్పొడి తిత్తి కొసన చిన్న రంధ్రం మాత్రమే ఉంటుంది. తుమ్మెద వచ్చి పువ్వును గట్టిగా పట్టుకుని, రెక్కల కండరాలను వణికిస్తుంది. జుయ్యిమని మోత వస్తుంది, పుప్పొడి చిమ్ముతుంది. మధ్యలో ఉన్న పొట్టి కేసరాల పుప్పొడి తుమ్మెదకు తిండి. కింద వంపు తిరిగిన పొడవాటి కేసరాలది దాని ఒంటికి అంటుకుని మరో పువ్వుకు చేరుతుంది. ఈ తుమ్మెదలేమో ఎండు కట్టెకు బొక్క పెట్టి అందులో గూడు కట్టుకుంటాయి. అంటే పూల పొద ఒక్కటే ఉంటే చాలదు, చుట్టుపక్కల ఎండు కొమ్మలూ ఉండాలి.

[దృశ్యం: గుట్ట కింద పొదలు, మేస్తున్న మేకలు]

తంగేడుకు ఎండ బాగా కావాలి. రాతి నేల, చెల్క నేల, తక్కువ వాన, చెరువు కట్ట, బాట పక్కన ఖాళీ జాగా... ఇవన్నీ దానికి సరిపోతాయి. మేకలు కూడా దీన్ని పెద్దగా ముట్టవు. నరికితే మొదట్లోంచి మళ్లీ చిగురిస్తుంది. పక్కన రేగు, బందారు, కలివె పొదలు ఉంటాయి. వాటి చాటున కౌజు పిట్టలు, కుందేళ్లు బతుకుతాయి. రికార్డుల్లో ఇలాంటి చోటును బంజరు అనో పోరంబోకు అనో రాస్తారు. ఊళ్లో బీడు అంటారు. కానీ అది పనికిరాని నేల కాదు. అదొక పొదల అడవి.

ఒకప్పుడు మన రైతులు తంగేడు రొట్టను వరి మడిలో తొక్కేవారు. తోళ్లు శుద్ధి చేసేవాళ్లు తంగేడు బెరడు వాడేవారు.

[దృశ్యం: జేసీబీతో చదును చేసిన గుట్ట అంచు]

పండక్కి పూలు కోసినంత మాత్రాన పొద చావదు. కొన్ని కొమ్మలు వదిలేస్తే కాయ కడుతుంది, గింజ రాలుతుంది. పొదను వేళ్లతో సహా తీసేస్తున్నవి వెంచర్లు, క్వారీలు. ఇంకొకటుంది, చెబితే కొందరికి నచ్చకపోవచ్చు: పచ్చదనం పేరుతో పొదలు కొట్టేసి, అక్కడ దట్టంగా చెట్లు నాటడం కూడా తంగేడుకు నష్టమే. నీడ కమ్ముకున్న చోట అది పూయదు.

[క్లోజప్: ఎండిన బల్లపరుపు కాయలోంచి గింజలు తీస్తున్న చేతులు]

ఇంటి ముందు పెంచాలనుకుంటే కాయ గోధుమ రంగుకు తిరిగి ఎండాక గింజలు తీయండి. పైపొట్టు గట్టిది, గరుకు రాయి మీద కాస్త రుద్ది, ఒక రాత్రి నీళ్లలో నానబెట్టి, ఎండ తగిలే చోట విత్తండి. ఇక మీ ఊరి గుట్ట మీద మొక్కలు నాటే కార్యక్రమం పెడితే, గుంతలు తీయకముందే వెళ్లి అక్కడ ఏ పొదలున్నాయో చూడండి. తంగేడు ఉంటే ఆ ముక్కను అలాగే వదిలేయమని అడగండి.