మగ్గాల షెడ్డులో విస్కీ పీపాలు: డీన్‌స్టన్ డిస్టిలరీకి వెళ్ళేముందు

హోస్ట్: నమస్కారం. గ్లాస్గోలోనో ఎడిన్‌బరాలోనో చదువుకుంటున్న తెలుగు పిల్లలు, వాళ్ళని చూడ్డానికి వెళ్ళే అమ్మానాన్నలు, అందరికీ ఒకటే సందేహం. స్కాట్లాండ్‌లో విస్కీ తయారుచేసే డిస్టిలరీలు ఇన్ని ఉన్నాయి, ఒక్కటే చూడాలంటే ఏది చూడాలి? అన్నా, మీరు డీన్‌స్టన్ అంటున్నారు. ఎందుకు?

గెస్ట్: మిగతాచోట్ల చాలావరకు విస్కీ కోసమే బిల్డింగ్ కట్టారు. ఇక్కడ బట్టల మిల్లుని విస్కీకి అప్పగించారు. స్టిర్లింగ్‌కి దగ్గర్లో, డూన్ ఊరి పక్కన, టీత్ నది ఒడ్డున 1785లో కట్టిన నూలు మిల్లు అది. 1965లో మిల్లు మూసేసి డిస్టిలరీగా మార్చారు. బయటినుంచి చూస్తే డిస్టిలరీ అనుకోవు. ఫొటోల్లో కనిపించే ఆ పగోడా ఆకారపు చిమ్నీ దీనికి లేదు. అంతస్తుల మీద అంతస్తులు, వరసగా కిటికీలు, పక్కా మిల్లు ఆకారం. ఫొటోల కోసం వెళ్ళేవాళ్ళు గేటు దగ్గరే డీలా పడతారు.

హోస్ట్: మరి నూలు మిల్లునే ఎందుకు పట్టుకున్నారు? ఖాళీగా ఉందనా?

గెస్ట్: ఖాళీ బిల్డింగులకి ఆ రోజుల్లో కొదవలేదు. నూలుకి కావలసినవే విస్కీకీ కావాలి, అసలు సంగతి అది. పారే నీళ్ళు కావాలి, చల్లదనం కావాలి, గాల్లో తేమ కావాలి. నదిలోంచి కాలవ తీసి నాలుగు పెద్ద చక్రాలు తిప్పేవాళ్ళు. అన్నిట్లోకీ పెద్దదాని పేరు హెర్క్యులిస్, వ్యాసం 36 అడుగుల పైమాటే. తర్వాత చక్రాలు తీసేసి టర్బైన్లు పెట్టారు. డిస్టిలరీకి కరెంటు ఇప్పటికీ ఆ నది నుంచే వస్తుంది, మిగిలింది గ్రిడ్‌కి పోతుంది. టూర్‌లో ఇక్కడ చాలామంది పొరబడతారు. కరెంటు వేరు, ఆవిరి వేరు. మోటార్లు, పంపులు తిరిగేది కరెంటుతో. స్టిల్స్, అంటే విస్కీ కాచే పెద్ద రాగి పాత్రలు, కాగేది బాయిలర్ ఆవిరితో.

హోస్ట్: తేమ సంగతి చెప్పండి. నూలుకి తేమ ఎందుకు?

గెస్ట్: గాలి పొడిగా ఉంటే పడుగు దారం పటపటా తెగుతుంది. మన మంగళగిరిలో, పోచంపల్లిలో గుంట మగ్గం ఎందుకు పెట్టుకుంటారు? నేలలోపలి చెమ్మ దారాన్ని పట్టి ఉంచుతుందని. డీన్‌స్టన్‌లో అదే పనికి 1836లో ఒక నేత షెడ్డు కట్టారు. పోత ఇనుప స్తంభాల మీద కమాను కప్పులు, ఆ కప్పుల మీద మట్టి. లోపల ఎండాకాలం, చలికాలం పెద్ద తేడా తెలీదు. ఇలాంటి ఆలోచనతోనే లీడ్స్‌లో కట్టిన టెంపుల్ మిల్లులో అయితే పైకప్పు మీద గడ్డి పెంచి గొర్రెల్ని మేపారు. ఇప్పుడు డీన్‌స్టన్ షెడ్డులో మగ్గాలు లేవు, పీపాలున్నాయి. టూర్ బుక్ చేసేటప్పుడు ‘వేర్‌హౌస్ కూడా చూపిస్తారా’ అని అడిగి మరీ బుక్ చేయాలి. అది లేని టూర్ అయితే నా దృష్టిలో సగం డబ్బులు దండగ.

హోస్ట్: అక్కడికి తర్వాత వద్దాం. ముందు మిల్లు లోపల ఏం చూస్తాం?

గెస్ట్: మొదట బార్లీ మాల్ట్‌ని, అంటే మొలకెత్తించి ఆరబెట్టిన బార్లీని, పిండి ఆడించడం. మరీ మెత్తగా ఆడించకూడదు, మరీ బరకగా ఉండకూడదు. మామూలుగా పొట్టు 20 పాళ్ళు, రవ్వ 70, పిండి 10. జల్లెడలున్న చిన్న చెక్క పెట్టెలో పోసి ఊపి చూస్తే మూడూ మూడు అరల్లో పడతాయి. గైడ్‌ని అడిగితే చూపిస్తారు. పిండి ఎక్కువైతే తర్వాతి దశలో జిగటై నీళ్ళు దిగవు. పొట్టు తగ్గితే వడపోత ఉండదు. బరకైతే చక్కెర లోపలే ఉండిపోతుంది. ఇంకో సంగతి, పిండి ఆడే ముందు రాళ్ళు, ఇనుప ముక్కలు ఏరే యంత్రం, అయస్కాంతాలు ఉంటాయి. చిన్న రాయి రోలర్లో పడి నిప్పురవ్వ లేస్తే గాల్లో ఉన్న బార్లీ ధూళి భగ్గుమంటుంది. దూది ధూళితో నూలు మిల్లులకున్న భయమే ఇది కూడా.

హోస్ట్: ఫోన్లు జేబులో పెట్టమనేది అందుకేనా?

గెస్ట్: పిండి గది దగ్గర ధూళి కోసం, స్టిల్స్ దగ్గర ఆల్కహాల్ ఆవిరి కోసం. ఎక్కడ ఫొటో తీసుకోవచ్చో గైడ్ చెప్తారు. వాళ్ళు వద్దన్నచోట ‘ఒక్కటే సెల్ఫీ’ అని బతిమాలకూడదు.

హోస్ట్: [నవ్వు] మనవాళ్ళని దృష్టిలో పెట్టుకునే చెప్తున్నారు.

గెస్ట్: తర్వాత మ్యాష్ టన్, ఆడించిన మాల్ట్‌ని వేడినీళ్ళలో కలిపే పెద్ద తొట్టె. ఇక్కడ ఆగాలి. చాలా డిస్టిలరీల్లో ఇది మూతపెట్టిన స్టీల్ డ్రమ్ము, చిన్న కిటికీలోంచి తొంగిచూడాలి. డీన్‌స్టన్‌ది పోత ఇనుముది, మూత లేదు. ఒక్కోసారికి పది టన్నుల పైన మాల్ట్ పడుతుంది. ఆవిరి మొహానికి కొడుతుంది, గంజి వాసన. లోపల పెద్ద దువ్వెనల్లాంటి ఇనుప చేతులు మెల్లగా తిరుగుతుంటాయి.

హోస్ట్: అందులో జరిగేదేంటి?

గెస్ట్: పిండి పదార్థం చక్కెరవుతుంది. మొదటి నీళ్ళు పోశాక మిశ్రమం 64 డిగ్రీల దగ్గర నిలవాలి. 70 దాటిందంటే చక్కెర చేసే ఎంజైములు చచ్చిపోతాయి, తిరిగి రావు. మరీ చల్లబడితే పిండి సరిగ్గా విడదు. ఆ చక్కెర రసం కిందికి దిగాక రెండో నీళ్ళు ఇంకాస్త వేడిగా, ఆ తర్వాత ఇంకా వేడిగా పోస్తారు. చివరి నీళ్ళలో చక్కెర పల్చగా ఉంటుంది, దాన్ని పారబోయకుండా తర్వాతి బ్యాచ్‌కి మొదటి నీళ్ళుగా వాడతారు.

హోస్ట్: తేడా ఎక్కడ కొడుతుంది?

గెస్ట్: రసం దించడంలో. అడుగున చిల్లుల పలక ఉంటుంది, దానిమీద పొట్టు పరుచుకుని అదే జల్లెడవుతుంది. తొందరపడి గబగబా లాగితే ఆ పొట్టు పరుపు గట్టిపడి పలకకి అతుక్కుంటుంది, చుక్క దిగదు. అప్పుడు కిందనుంచి వేడినీళ్ళు ఎక్కించి దాన్ని లేపాలి. డీన్‌స్టన్‌లో నెమ్మదిగా దించుతారు కాబట్టి రసం తేటగా వస్తుంది. మడ్డిగా లాగితే విస్కీలో గింజ, పప్పుల రుచి ఎక్కువ. తేటగా లాగితే పండు, తేనె, ఆ మైనపు నునుపు. ఈ విస్కీ తాగినప్పుడు నాలుకకి తగిలే ఆ నునుపుకి పునాది ఇక్కడే పడుతుంది. టూర్లలో దీన్ని రెండు ముక్కల్లో తేల్చేసి స్టిల్స్ దగ్గరికి లాక్కెళ్తారు, రాగి మెరుస్తుంది కదా! నువ్వు మాత్రం ఇక్కడే నిలబడి ప్రశ్నలడుగు.

హోస్ట్: పులియబెట్టడం?

గెస్ట్: రసాన్ని 20 డిగ్రీల దరిదాపుల్లోకి చల్లార్చి, వాష్‌బ్యాక్ అనే పెద్ద తొట్టెలో ఈస్ట్ కలుపుతారు. రెండు రోజుల్లో ఈస్ట్ పని అయిపోతుంది. అక్కడితో ఆపేస్తే గింజ రుచి. డీన్‌స్టన్‌లో 80 గంటలు దాటేదాకా ఉంచుతారు. ఆ అదనపు సమయంలో లాక్టిక్ బ్యాక్టీరియా చేరి పళ్ళ వాసనలు పుట్టిస్తాయి. చివరికి తేలేది 8 శాతం ఆల్కహాల్ దగ్గర, హాప్స్ (బీరుకి చేదునిచ్చే పువ్వులు) లేని పుల్లటి బీరులాంటిది. వాసన చూడమని మూత తీస్తే తల లోపల పెట్టి గట్టిగా పీల్చొద్దు. లోపల కార్బన్ డయాక్సైడ్ ఉంటుంది, ముక్కులో సూదులు గుచ్చినట్టై కళ్ళు బైర్లు కమ్ముతాయి. పక్కన నిలబడి చేత్తో గాలిని ముక్కువైపు తోసుకుంటే చాలు.

హోస్ట్: ఇక రాగి.

గెస్ట్: నాలుగు స్టిల్స్, రెండు జతలు. అంతస్తుల నేలల్ని కోసేసి వీటికి ఎత్తు చేశారు, తలెత్తి చూస్తే పాత మిల్లు తెలుస్తుంది. ఏది ఏదో గుర్తుపట్టడానికి ఒక ఉపాయం ఉంది. మెడలో గాజు కిటికీ ఉన్నది వాష్ స్టిల్. మొదటిసారి కాచేటప్పుడు నురగ పాలలా పొంగుతుంది, కిటికీలో నురగ కనబడగానే ఆవిరి తగ్గించాలి. లేకపోతే నురగ మెడ దాటి, ఆవిరిని చల్లార్చే కండెన్సర్లోకి పోతుంది. అక్కడ 20 శాతం పైచిలుకు వస్తుంది, దాన్ని స్పిరిట్ స్టిల్‌లో రెండోసారి కాస్తారు. తర్వాత మెడ నుంచి పక్కకి వెళ్ళే గొట్టం చూడు. డీన్‌స్టన్‌లో అది పైకి వాలి ఉంటుంది. బరువైన ఆవిరి ఎక్కలేక వెనక్కి జారి మళ్ళీ కాగుతుంది, తేలికైనదే దాటుతుంది. గొట్టం కిందికి వాలి ఉంటే బరువైనవి కూడా జారి వచ్చేస్తాయి, విస్కీ మోటుగా, జిడ్డుగా ఉంటుంది.

హోస్ట్: ఆ తాళం వేసిన గాజు పెట్టె?

గెస్ట్: స్పిరిట్ సేఫ్, స్టిల్స్‌లోంచి వచ్చే సరుకు దీంట్లోంచే పారుతుంది. ఒకప్పుడు తాళంచెవి ఎక్సైజ్ అధికారి దగ్గరుండేది. చుక్కని ముట్టుకోకుండా, రుచి చూడకుండా బయటినుంచే పిడులు తిప్పి కొలవాలి. మొదట వచ్చేదాన్ని పక్కకి తోసేస్తారు. నీళ్ళు కలిపితే తెల్లగా మబ్బుపడుతుంది, అది ఇంకా పనికిరాదని గుర్తు. మబ్బు వీడాక నడిమి భాగం పట్టుకుంటారు, అదే విస్కీ అయ్యేది. బలం తగ్గుతూ వచ్చి తడిసిన అట్టముక్క, చెమట పట్టిన తోలు వాసన మొదలయ్యేలోపు మళ్ళీ మళ్ళించేయాలి. మొదటిదీ చివరిదీ తర్వాతి కాపులో కలుస్తాయి. ఆలస్యంగా మళ్ళిస్తే సరుకు పెరుగుతుంది, కానీ ఆ చెడు వాసన పన్నెండేళ్ళు పీపాలో పెట్టినా పోదు.

హోస్ట్: సరే, ఇప్పుడు ఆ షెడ్డులోకి వెళ్దాం.

గెస్ట్: నీళ్ళు కలిపి ఆల్కహాల్‌ని 63.5 శాతానికి తెచ్చి పీపాల్లో నింపుతారు, అది స్కాట్లాండ్‌లో మామూలు లెక్క. చట్టం ప్రకారం 700 లీటర్లు మించని ఓక్ పీపాలో కనీసం మూడేళ్ళుండాలి. అక్కడ ఏటా దాదాపు 2 శాతం ఆవిరైపోతుంది. 200 లీటర్ల పీపాలో మొదటి ఏడు 4 లీటర్లన్నమాట. బెంగుళూరు వేడిలో విస్కీ చేసే అమృత్ డిస్టిలరీ వాళ్ళకి ఇది 10 శాతం పైమాటే. తేమ ఎక్కువున్నచోట నీటికంటే ఆల్కహాలే ముందు పోతుంది, అందుకే స్కాట్లాండ్ పీపాల్లో ఏళ్ళు గడిచేకొద్దీ బలం తగ్గుతుంది. గాలి పొడిగా ఉంటే నీళ్ళు ముందు పోయి బలం పెరుగుతుంది. దారం తెగకూడదని కట్టిన చెమ్మ షెడ్డు ఇప్పుడు పీపాలోది ఎంత, ఎలా తగ్గాలో చూసుకుంటోంది. బయట గోడల మీద, చెట్ల బెరడు మీద మసి పట్టినట్టు నల్లగా కనిపిస్తే మురికి అనుకోకు. ఆల్కహాల్ ఆవిరి తాగి బతికే బూజు అది.

హోస్ట్: రుచి చూసేటప్పుడు?

గెస్ట్: గ్లాసులో ముక్కు ముంచకుండా, నోరు కాస్త తెరిచి వాసన చూడాలి. మొదటి గుక్క చిన్నది, నాలుకకి అలవాటు కోసం. రెండో గుక్క తర్వాత నాలుగైదు చుక్కల నీళ్ళు. డీన్‌స్టన్ 12 ఏళ్ళది 46.3 శాతం, చల్లార్చి వడగట్టరు. అందుకే ఐసు వేస్తే పొగమంచులా మసకబారుతుంది. కల్తీ కాదది, విస్కీలో ఉండే కొవ్వులాంటి పదార్థాలు (ఎస్టర్లు) చలికి గట్టిపడ్డం. వాటిని వడగట్టేస్తే మ్యాష్ టన్ దగ్గర చెప్పుకున్న ఆ నునుపు కూడా పోతుంది.

హోస్ట్: రాకపోకల సంగతి?

గెస్ట్: రెండు నగరాల నుంచీ స్టిర్లింగ్‌కి రైలు, గంట లోపే. అక్కడి నుంచి బస్సు. తిరుగు బస్సు టైము ముందే చూసుకోవాలి, పల్లె రూటు కదా. కారైతే నడిపేవాళ్ళు గుక్క కూడా ముట్టొద్దు. స్కాట్లాండ్‌లో పరిమితి 100 మిల్లీలీటర్ల ఊపిరికి 22 మైక్రోగ్రాములు, ఇంగ్లాండ్‌లో 35. ‘అక్కడ పర్లేదుగా’ అనే లెక్క పనిచేయదు. నడిపేవాళ్ళ వాటా చిన్న సీసాల్లో పోసిస్తారా అని బుకింగ్‌లోనే అడగొచ్చు. ఇంకోటి, ఎండాకాలంలో డిస్టిలరీలు కొన్ని వారాలు రిపేర్లకి ఆపేస్తాయి. టూర్ నడుస్తుంది, స్టిల్స్ చల్లగా ఉంటాయి. ఆ తేదీల్లో కాగుతున్నాయా లేదా అని మెయిల్ పెట్టాలి. లోపల ఇనుప మెట్లు, జాళీ నేల, అడుగు చదునుగా ఉన్న బూట్లు వేసుకోవాలి. చీర కట్టుకున్న అమ్మలకి ఆ జాళీ మీద ఇబ్బంది. చిన్నపిల్లలుంటే లోపలికి ఏ వయసు నుంచి రానిస్తారో కనుక్కోవాలి.

హోస్ట్: చివరగా, ఇంటికి తెచ్చుకోవడం?

గెస్ట్: ఇండియాలోకి పెద్దవాళ్ళకి మనిషికి 2 లీటర్ల దాకా సుంకం లేదు. చెకిన్ లగేజీలో పెట్టాలి. డిస్టిలరీ షాపులో పీపా నుంచి నేరుగా నింపినవి 60 శాతం దాకా ఉండొచ్చు, విమానంలో 70 దాటనిదే పంపుతారు కాబట్టి పర్లేదు, సీలు తీయకూడదంతే. మెడ దగ్గర సాక్సు చుట్టి, బట్టల మధ్యలో నిలువుగా ఇరికించాలి. ఇంటికొచ్చాక కూడా వైన్ సీసాలా పడుకోబెట్టొద్దు. అంత బలమైన ఆల్కహాల్ తగులుతూ ఉంటే కార్క్ మెత్తబడి, తీసేటప్పుడు సగం విరిగి సీసాలోకే పడుతుంది.