సుప్రీంకోర్టు ఆగిన చోట: కొఠియా, నియమగిరి

సభాధ్యక్షులకు, వేదిక మీది పెద్దలకు, ఒడియా మిత్రులకు, తెలుగు బంధువులకు నమస్కారం.

సుప్రీంకోర్టు అధికారం గురించి, దాని హద్దుల గురించి మాట్లాడమని నిర్వాహకులు కోరారు. ఈ విషయానికి పర్లాకిమిడి సరైన చోటని నా నమ్మకం. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడినప్పుడు ఈ పట్టణం మద్రాసు ప్రెసిడెన్సీని విడిచి కొత్త రాష్ట్రంలోకి వచ్చింది. సవర ఆదివాసుల మధ్య తిరిగి, వారి భాష నేర్చుకొని, వారి పిల్లలకు ఆ భాషలోనే చదువు చెప్పించిన గిడుగు రామమూర్తి పంతులుగారు ఆ నిర్ణయానికి నిరసనగా ఊరు విడిచి రాజమహేంద్రవరం వెళ్ళిపోయారు. సరిహద్దు గీత ఒక మనిషి బతుకును ఎంతగా కదిలిస్తుందో ఇక్కడివారికి నేను చెప్పనవసరం లేదు. అప్పట్లో ఆ గీతను ప్రశ్నించడానికి ప్రాథమిక హక్కులూ లేవు, సుప్రీంకోర్టూ లేదు. 1950 నుంచి రెండూ ఉన్నాయి. అయినా మన చుట్టుపక్కల పల్లెల్లో, కొండల్లో ఆ కోర్టు మాట ఎంతవరకు వచ్చింది, ఎక్కడ ఆగింది, ఆగినప్పుడు ఏ విధంగా ఆగింది అనేదే నేటి నా విషయం.

ముందుగా అధికారం సంగతి. మన పొరుగున ఉన్న బరంపురంలో పుట్టిన వరాహగిరి వేంకటగిరిగారు 1969లో రాష్ట్రపతిగా ఎన్నికైతే, ఆ ఎన్నిక చెల్లదని సుప్రీంకోర్టులో పిటిషన్లు పడ్డాయి. రాష్ట్రపతి ఎన్నిక మీద వచ్చే వివాదాన్ని తేల్చే అధికారాన్ని రాజ్యాంగం 71వ అధికరణం ఆ కోర్టుకే ఇచ్చింది. 1970లో గిరిగారు రాష్ట్రపతి పదవిలో ఉండగానే స్వయంగా కోర్టుకు వచ్చి సాక్ష్యం చెప్పారు. పిటిషన్లు వీగిపోయాయి, ఎన్నిక నిలిచింది. ఆ న్యాయమూర్తులను నియమించేది రాష్ట్రపతి, ఆ రాష్ట్రపతి సాక్షిగా నిలబడినది వారి ఎదుట. అందుకు ఎవరూ ఆయనను బలవంతం చేయవలసిన అవసరం రాలేదు. రాజ్యాంగ న్యాయస్థానపు అధికారమంటే ఏమిటని విద్యార్థులు అడిగితే నేను మొదట చెప్పేది ఈ సంఘటననే.

చట్టాన్ని కొట్టివేసే అధికారం అందరికీ తెలిసినదే. రాజ్యాంగ సవరణను సైతం కొట్టివేయవచ్చా అన్న ప్రశ్న మీద 1967లో గోలక్‌నాథ్ కేసులో తెలుగువాడైన ప్రధాన న్యాయమూర్తి కోకా సుబ్బారావుగారి నాయకత్వంలోని 11 మంది ధర్మాసనం 6-5గా చీలింది. 1973 ఏప్రిల్ 24న కేశవానంద భారతి కేసులో 13 మంది ధర్మాసనం 7-6గా చీలి, పార్లమెంటు రాజ్యాంగంలో ఏ భాగాన్నైనా సవరించవచ్చు గానీ దాని మౌలిక స్వరూపాన్ని చెరపరాదని నిర్ణయించింది. ఒక్క న్యాయమూర్తి అటు మొగ్గి ఉంటే దేశ చరిత్ర మరో దారి పట్టేది. అంత సన్నని ఆధిక్యంతో పుట్టిన సూత్రం ఇంతకాలం నిలవడానికి కారణం, 1975 నాటి అత్యవసర పరిస్థితి తర్వాత దాని అవసరం ప్రజలకు తెలిసిరావడమేనని నా అభిప్రాయం. అదే కాలంలో, 1976లో, విచారణ లేకుండా నిర్బంధించినవాడు హెబియస్ కార్పస్, అంటే తన నిర్బంధం చట్టబద్ధమో కాదో తేల్చమనే ఉత్తర్వు, అడగరాదని జబల్‌పూర్ కేసులో అదే కోర్టు 4-1 మెజారిటీతో చెప్పిందని కూడా మరువరాదు. ఒంటరిగా విభేదించిన న్యాయమూర్తి హెచ్.ఆర్. ఖన్నా వైపు కోర్టు పూర్తిగా రావడానికి 2017 దాకా పట్టింది.

ఇంత అధికారం ఉన్న కోర్టుకు సొంత పోలీసులు లేరు, ఖజానా లేదు, తహసీల్దారు లేడు. దేశంలోని అధికారులందరూ సుప్రీంకోర్టుకు సహాయంగా పనిచేయాలని 144వ అధికరణం చెబుతుంది. ఆ సహాయం ఢిల్లీలో ఒక రకంగా, పొట్టంగి కొండల మీద మరో రకంగా అందుతుంది. ఇక కొఠియా సంగతికి వస్తాను.

కొరాపుట్ జిల్లా పొట్టంగి బ్లాకులోని కొఠియా పంచాయతీ, ఆంధ్రప్రదేశ్ వైపు సాలూరు మండలం, వీటి నడుమ 21 పల్లెలు ఏ రాష్ట్రానివి అన్నది తగాదా. అక్కడ ఉండేవారు ఆదివాసులు. రాష్ట్రానికీ రాష్ట్రానికీ మధ్య చట్టబద్ధమైన హక్కు గురించి తగాదా వస్తే, 131వ అధికరణం ప్రకారం దానిని మొదటగా వినే అధికారం సుప్రీంకోర్టుది, మరే కోర్టుకూ లేదు. 1968లో ఒడిశా దావా వేసింది. ఆ ఏడాదే యథాతథ స్థితిని పాటించాలని కోర్టు ఉత్తర్వు ఇచ్చింది. 2006లో, అంటే 38 ఏళ్ళ తర్వాత, సాంకేతిక కారణాల మీద ఆ దావా ముగిసిపోయింది. వివాదం పరిష్కారమయ్యేదాకా యథాతథ స్థితి కొనసాగాలన్న మాట మాత్రం మిగిలింది. 2021లో ఆంధ్రప్రదేశ్ అక్కడ పంచాయతీ ఎన్నికలు జరిపినప్పుడు, ఒడిశా కోర్టు ధిక్కారం కింద మళ్ళీ సుప్రీంకోర్టుకే వెళ్ళింది.

1968లో పుట్టిన బిడ్డకు ఆ దావా ముగిసేనాటికి బిడ్డల బిడ్డలు ఉండే వయసు దగ్గరపడింది. ఆ కుటుంబానికి యథాతథ స్థితి అంటే ఏమిటో ఆలోచించండి. రెండు రాష్ట్రాల రేషన్ కార్డులు, రెండు ఓటరు కార్డులు ఉన్నవారు అక్కడ ఉన్నారు. ఎన్నికలప్పుడు ఇద్దరు అధికారులూ వస్తారు; రోడ్డు వేయవలసి వచ్చినప్పుడు అవతలి రాష్ట్రం అడ్డు చెబుతుంది. ఇది లాభమని కొందరు తేలికగా అంటూంటారు. నేను ఒప్పుకోను. రెండు సర్కార్లు పోటీపడి పంచే బియ్యం ఒక్క స్థిరమైన భూమి పట్టాతో సమానం కాదు.

ఇక్కడ ఒక భేదాన్ని జాగ్రత్తగా చూడమని కోరుతున్నాను. ఉన్న సరిహద్దు ఎక్కడ ఉందో పాత పటాలు, సర్వే రికార్డులు, సాక్ష్యాలు చూసి చెప్పడం న్యాయనిర్ణయం. సరిహద్దును జరపడం న్యాయనిర్ణయం కాదు. 3వ అధికరణం కింద అది పార్లమెంటుకు మాత్రమే ఉన్న అధికారం. ఆ అధికారం ఎంత విశాలమైనదో 1959లో బాబూలాల్ పరాతే కేసులో కోర్టే చెప్పింది: రాష్ట్ర శాసనసభ అభిప్రాయం అడగాలి గానీ, ఆ అభిప్రాయానికి పార్లమెంటు కట్టుబడనక్కరలేదు. దానికీ ఒక అంచు ఉందని మరుసటి ఏడాది పశ్చిమ బెంగాల్ సరిహద్దులోని బేరుబారి విషయంలో కోర్టు చెప్పింది: దేశ భూభాగాన్ని పరాయి దేశానికి ఇవ్వడానికి 3వ అధికరణం చాలదు, రాజ్యాంగ సవరణ కావాలి. అందుకే తొమ్మిదవ సవరణ వచ్చింది. కొఠియా విషయంలో గీతను మార్చలేకపోవడం కోర్టు తప్పు కాదు, అది దానికి రాజ్యాంగం పెట్టిన హద్దు. గీత ఎక్కడుందో 38 ఏళ్ళలో తేల్చకుండా ఉంచడం మాత్రం హద్దు వల్ల జరిగినది కాదు. ఈ రెండింటినీ ఒకే గాటన కట్టి, కోర్టు చేయగలిగిందేముంది అని సరిపెట్టుకోవడం ఆ 21 పల్లెలకు అన్యాయం.

వంశధార సంగతి త్వరగా ముగిస్తాను. నదీజలాల తగాదాలలో కోర్టుల అధికారాన్ని పార్లమెంటు చట్టం ద్వారా తొలగించవచ్చని 262వ అధికరణం చెబుతుంది. 1956 నాటి అంతర్రాష్ట్ర నదీజల వివాదాల చట్టం 11వ సెక్షను తొలగించింది కూడా. అందుకే వంశధార మీది నేరడి బ్యారేజీ గురించి రెండు రాష్ట్రాల తగాదా ట్రిబ్యునల్‌కు వెళ్ళింది. ఆ ట్రిబ్యునల్ 2017లో నిర్ణయం ఇచ్చింది. అయినా ట్రిబ్యునల్ తీర్పు మీద ప్రత్యేక అనుమతితో అప్పీలు వినవచ్చని 2016లో కావేరీ కేసులో సుప్రీంకోర్టు నిర్ణయించింది కాబట్టి, ఆ తలుపు పూర్తిగా మూసుకోలేదు.

నియమగిరి దగ్గర మాత్రం కాస్త నిలబడాలి. రాయగడ, కలహండి జిల్లాల నడుమ ఉన్న ఆ కొండ డొంగ్రియా కోందు ఆదివాసులకు వారి దేవుడైన నియమరాజు కొలువు. అక్కడ బాక్సైట్ తవ్వకానికి అటవీ అనుమతిని కేంద్ర పర్యావరణ మంత్రిత్వ శాఖ 2010లో నిరాకరించింది. ఒడిశా మైనింగ్ కార్పొరేషన్ దానిని సుప్రీంకోర్టులో సవాలు చేసింది. కోర్టు రెండు సులువైన పనులలో ఏదైనా చేసి ఉండవచ్చు: ఇది ప్రభుత్వ విధానమని పిటిషన్ కొట్టివేయవచ్చు, లేదా కొండ పవిత్రమో కాదో తానే తేల్చవచ్చు. 2013 ఏప్రిల్ 18న అది రెండూ చేయలేదు. 2006 నాటి అటవీ హక్కుల చట్టం కింద ఆ ప్రజల వ్యక్తిగత, సాముదాయిక హక్కులను, నియమరాజును కొలిచే హక్కుకు గనుల వల్ల భంగం కలుగుతుందా అన్న ప్రశ్నను గ్రామసభలే పరిశీలించాలని చెప్పింది. మూడు నెలల గడువు పెట్టింది. జిల్లా జడ్జి హోదా గల న్యాయాధికారి పరిశీలకుడిగా కూర్చోవాలని ఆదేశించింది. ఆ వేసవి దాటాక రాయగడ జిల్లాలో ఏడు, కలహండిలో ఐదు పల్లెల్లో సభలు జరిగాయి. పన్నెండూ గనిని తిరస్కరించాయి. 2014 జనవరిలో మంత్రిత్వ శాఖ తుది నిరాకరణ తెలిపింది.

కొండ మీద వందకు పైగా పల్లెలు ఉండగా పన్నెండే ఎంచుకోవడం సరికాదని అప్పుడు వచ్చిన విమర్శ సబబైనదే. ఆ ఎంపిక రాష్ట్ర ప్రభుత్వం చేసింది. అయినా ఆ తీర్పు చూపిన పద్ధతి నాకు అమూల్యంగా కనిపిస్తుంది. ప్రశ్న తన చేతిలో ఇమడదని తెలిసినప్పుడు కోర్టు దానిని గాలికి వదలలేదు. ఎవరు చెప్పాలో, ఎప్పటిలోగా చెప్పాలో, ఎవరి కళ్ళ ముందు చెప్పాలో నిర్ణయించి అప్పగించింది. కొఠియాలోనూ కోర్టు ఆగింది, నియమగిరిలోనూ ఆగింది. మొదటిచోట ఆగడం వల్ల ప్రశ్న అక్కడే ఉండిపోయింది, రెండోచోట ప్రశ్నకు జవాబు చెప్పవలసినవారు ముందుకు వచ్చారు.

దీని మీద న్యాయవాద మిత్రులు ఒక అభ్యంతరం చెబుతారు, అది బలమైనదే. నియమగిరిలో గ్రామసభకు ఆ అధికారం ఒక చట్టం నుంచి వచ్చింది, కోర్టు కల్పించలేదు. రాష్ట్ర సరిహద్దు మీద గ్రామసభకు మాట ఇచ్చే చట్టం ఏదీ లేదు. నిజం. 1996 నాటి పంచాయతీల విస్తరణ చట్టం, అంటే పెసా, ఆచారాలను, సాముదాయిక వనరులను కాపాడుకునే శక్తిని గ్రామసభకు గుర్తించింది గానీ రాష్ట్రాన్ని ఎంచుకునే శక్తిని ఇవ్వలేదు. ఇవ్వకపోవడం మంచిదే కూడా. ప్రతి సరిహద్దు పల్లె ఏటా ఒక రాష్ట్రాన్ని ఎంచుకుంటే పాలన సాగదు. కానీ నిర్ణయించే అధికారం వేరు, నిర్ణయానికి ముందు వినబడే అవకాశం వేరు. 3వ అధికరణం రెండోదానిని ఎక్కడా నిషేధించలేదు.

తీర్పు ఒక రాష్ట్రంలో వస్తే రెండో రాష్ట్రంలోనూ అంతే పనిచేస్తుందన్న అపోహ మనవారిలో చాలామందికి ఉంది కాబట్టి మరొక మాట. 1997 నాటి సమతా తీర్పు షెడ్యూల్డ్ ప్రాంతపు భూమిని ఆదివాసేతర ప్రైవేటు సంస్థలకు లీజుకివ్వరాదని చెప్పినది ఆంధ్రప్రదేశ్‌లో ఆ ప్రాంతాల భూమి బదిలీని కట్టడి చేసే 1/59, 1/70 నిబంధనల ఆధారంగా. ఒడిశాలో నడిచేది 1956 నాటి వేరే నిబంధన. సుప్రీంకోర్టు చెప్పిన న్యాయసూత్రం 141వ అధికరణం కింద దేశమంతటికీ వర్తిస్తుంది, కానీ అది ఏ చట్టాన్ని చదివి చెప్పిందో ఆ చట్టం సరిహద్దు దగ్గర ఆగిపోతుంది. ఇక్కడ కేసు వేసే యువ న్యాయవాదులు ఇది మొదటే చూసుకోవాలి.

ఒడిశాలోని మన తెలుగు పిల్లల బడి సంగతి చెప్పకుండా ముగించలేను. ప్రాథమిక దశలో భాషా అల్పసంఖ్యాకుల పిల్లలకు మాతృభాషలో బోధనకు తగిన వసతులు కల్పించడానికి ప్రయత్నించాలని 350ఏ అధికరణం ప్రతి రాష్ట్రానికీ చెబుతుంది. 1956లో ఏడవ సవరణతో అది వచ్చింది. కర్ణాటక కేసులో 2014లో సుప్రీంకోర్టు, పిల్లవాడు ఏ మాధ్యమంలో చదవాలో ప్రాథమిక దశలో ఎంచుకునే స్వేచ్ఛ తల్లిదండ్రులదేనని, మాతృభాషను ప్రభుత్వం బలవంతంగా విధించరాదని తీర్పు చెప్పింది. స్వేచ్ఛను కాపాడే పని కోర్టు బాగా చేసింది. కానీ తెలుగు మాస్టారు పదవీ విరమణ చేసిన బడిలో మరొక తెలుగు మాస్టారు రాకపోతే, ఎంచుకునే స్వేచ్ఛ ఉన్నా ఎంచుకోవడానికి తరగతి ఉండదు. ఖాళీ నింపమని కోర్టు ఆదేశించగలదు. పోస్టు మంజూరు చేసి, జీతం పెట్టి, ఏటేటా నిలబెట్టేది మాత్రం శాసనసభ బడ్జెట్టు. అందువల్ల హైకోర్టుకు వెళ్ళేముందు ఖాళీల జాబితా, పిల్లల సంఖ్య, తల్లిదండ్రుల సంతకాలు తీసుకొని 350బీ కింద ఉన్న భాషా అల్పసంఖ్యాకుల ప్రత్యేకాధికారికి నివేదిక పంపండి. ఆ అధికారి నివేదిక రాష్ట్రపతి ద్వారా పార్లమెంటు ముందుకు వెళ్ళాలని రాజ్యాంగమే చెబుతుంది.

కొఠియా మీద నా సూచన ఇది. ఈ వేదిక మీద ఒడియావారూ తెలుగువారూ కలిసి కూర్చున్నారు గనుక, రెండు భాషల్లో ఒకే విజ్ఞాపన తయారుచేసి కేంద్ర ప్రభుత్వానికీ రెండు శాసనసభలకూ పంపుదాం. ఏ రాష్ట్రం పక్షాన కూడా అందులో ఒక్క వాక్యం ఉండరాదు. 3వ అధికరణం కింద బిల్లు ఏదైనా తెచ్చేముందు ఆ 21 పల్లెల్లో విడివిడిగా గ్రామసభలు జరపాలని, ఏ పల్లెనూ వదలకూడదని, ప్రశ్నను వారి ఇంటి భాషలో, ఒడియాలో, తెలుగులో చదివి వినిపించాలని, రెండు రాష్ట్రాలకూ చెందని జిల్లా జడ్జి స్థాయి అధికారి పరిశీలకుడిగా ఉండాలని, ఎటు తేలినా ఇప్పుడు సాగుచేసుకుంటున్న భూమికి పట్టా, అడవి మీది హక్కులు మారవని ముందే రాసి ఇవ్వాలని అందులో కోరుదాం. ముసాయిదా రాయడానికి ఇక్కడి న్యాయవాదులు ముందుకు వస్తే, ఆ పనిలో వారితో కూర్చోవడానికి నేను సిద్ధంగా ఉన్నాను.