తీర్పు వచ్చేలోపు బిడ్డ ఎవరి దగ్గర?

అందరికీ నమస్కారం.

ఫ్యామిలీ కోర్టు మెట్లెక్కిన తల్లిదండ్రుల్లో చాలామంది మధ్యంతర కస్టడీని, అంటే తుది తీర్పు వచ్చేదాకా బిడ్డ ఎవరి దగ్గర ఉండాలో చెప్పే ఏర్పాటును, తేలిగ్గా తీసుకుంటారు. "తాత్కాలికమే కదండీ, ఫైనల్లో చూసుకుందాం" అంటారు. నన్నడిగితే అసలు కేసు అక్కడే ఉంది. వాయిదాల మీద వాయిదాలు పడి తీర్పు వచ్చేసరికి మూడేళ్ల పాప బడిలో కుదురుకుని, స్నేహితులతో ఆడుకుంటూ ఉంటుంది. అప్పుడు ఆ పిల్లను అక్కణ్నుంచి కదల్చడానికి ఏ జడ్జికైనా చెయ్యి రాదు.

కేసు నడుస్తుండగానే కస్టడీ, పోషణ, చదువు గురించి ఉత్తర్వులు ఇవ్వడానికి హిందూ వివాహ చట్టం, 1955లో 26వ సెక్షన్ ఉంది. ఏ మతం వారైనా 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం, 12వ సెక్షన్ కింద తాత్కాలిక కస్టడీ అడగొచ్చు. 26వ సెక్షన్‌లో ఓ విచిత్రం చూడండి. పోషణ, చదువుల అర్జీలను నోటీసు అందిన 60 రోజుల్లో వీలైనంతవరకు తేల్చమంది. ఆ గడువులో కస్టడీని చేర్చలేదు! ఎందుకు వదిలేశారో గానీ, భారం మాత్రం పిల్లల మీద పడుతోంది.

ఐదేళ్లలోపు పిల్లలు మామూలుగా తల్లి దగ్గరే ఉండాలని 1956 నాటి హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం అంటుంది. అయినా బిడ్డ సంక్షేమమే అన్నిటికన్నా ముఖ్యమని అదే చట్టం 13వ సెక్షన్ చెబుతోంది. జీతం ఎక్కువున్నంత మాత్రాన కస్టడీ వచ్చేయదు.

ఇక కస్టడీ లేని తల్లి లేదా తండ్రి బిడ్డను కలిసే హక్కు, అదే విజిటేషన్. ఉత్తర్వులో "నెలకు రెండు ఆదివారాలు" అని మాత్రమే ఉంటే గొడవ ఖాయం. ఎన్నింటికి, ఎక్కడ, ఎవరు దింపుతారు, జ్వరమొస్తే బదులు ఏ రోజు, వేసవి సెలవుల సంగతేంటి? ఇవన్నీ అర్జీలోనే రాయించండి. అప్పగించేటప్పుడు మందులు, హోంవర్క్ పుస్తకాలు బ్యాగులో పెడతారు. బాగానే ఉంది. కానీ పెద్దవాళ్లిద్దరికీ మాటల్లేవు కాబట్టి "రాత్రికి సిరప్ వేయమని నాన్నకు చెప్పు" అని ఆరేళ్ల పిల్లకు పురమాయిస్తారు. చీటీ రాసి బ్యాగులో పెట్టడానికి ఎంతసేపు పడుతుంది?

కస్టడీ లేనివారు బిడ్డతో రోజూ 5 నుంచి 10 నిమిషాలు మాట్లాడుకోగలగాలని 2020లో సుప్రీంకోర్టు ఒక తీర్పులో చెప్పింది. వీడియో కాల్ కూడా అడగండి. ఫోన్ ఇచ్చి పక్కనే నిలబడి వినడం, రికార్డు చేయడం మాత్రం వద్దు. ఊహ తెలిసిన పిల్లల ఇష్టాన్ని కోర్టు పరిగణనలోకి తీసుకోవచ్చు. చాలాసార్లు జడ్జిగారే ఛాంబర్‌లో మాట్లాడతారు. నూరిపోసి పంపిన మాటలు అక్కడ ఇట్టే తెలిసిపోతాయి.

మధ్యంతర ఉత్తర్వు రాతిమీద గీత కాదు. పరిస్థితులు మారితే సవరించమని అర్జీ వేయొచ్చు. ఆదివారం తీసుకెళ్లిన బిడ్డను తిరిగి పంపకుండా ఉంచేసుకుని, తర్వాత లాయర్‌కు ఫోన్ చేస్తే, ముందు మీరు కోర్టు ధిక్కారానికి జవాబు చెప్పుకోవాల్సి రావచ్చు. కస్టడీ వాదన ఆ తర్వాతే.