పురుగుల సినిమా, బావ కార్బన్లు

బామ్మర్ది: నల్గొండ నుంచి అందరికీ నమస్తే. ఇవాళ అమెరికా ప్రయోగాత్మక దర్శకుడు స్టాన్ బ్రాకేజ్ గురించి. బావా, నువ్వు సినిమా హాల్లో ప్రొజెక్టర్ నడిపినవాడివే, కానీ ముందే చెప్తున్నా, మిర్యాలగూడ రీలు కథ వద్దు.

బావ: నేనేమన్నానురా?

బామ్మర్ది: 1933లో కాన్సస్ సిటీలో పుట్టాడు. కన్నది ఒకరు, పెంచింది ఒకరు. పందొమ్మిదేళ్లకే మొదటి సినిమా. 2003లో పోయేనాటికి మూడు వందలకు పైగా తీశాడు. చాలావాటికి అసలు సౌండే లేదు.

బావ: మన హాల్లో సౌండ్ పోతే సీట్లు చింపేవాళ్లు.

బామ్మర్ది: 1963లో ‘మాత్‌లైట్’ కెమెరా లేకుండానే చేశాడు. చేతిలో పైసల్లేవు. దీపాల దగ్గర చచ్చిన పురుగుల రెక్కలు, ఆకులు ఏరి, రెండు టేపు పట్టీల మధ్య అతికించాడు.

బావ: ఆగు. రెక్కలంటే తొలకరికి వచ్చే ఉసిళ్ల రెక్కల్లాంటివా? అది గేట్లో ఎట్లా పోతది?

బామ్మర్ది: ఏ గేటు?

బావ: ప్రొజెక్టర్‌దిరా. కాస్త మందం ఎక్కువైనా ఫిల్ము అక్కడ పట్టేస్తది. తెగిన చోట బ్లేడుతో ఎమల్షన్, అంటే ఫిల్ము మీది బొమ్మ పూత, గీకి, ఫిల్ము సిమెంటు అనే జిగురు రాసి, బొటనవేలితో అదిమేవాళ్లం. సరిగ్గా గీకకపోతే అతుకు టక్కున ఊడేది. కింద ఈలలు, బూతులు. ఇటు ప్రొజెక్టర్‌లో వెలుగిచ్చే కార్బన్ కడ్డీలేమో...

బామ్మర్ది: వచ్చినయి కార్బన్లు! ఆ పట్టీని ల్యాబులో ప్రింటు తీయించాడు బావా. ఆడేది ఆ ప్రింటు.

బావ: మరి ల్యాబువాళ్ల పేరు చెప్పవేం? మీకు ఎప్పుడూ డైరెక్టరే కనబడతాడు. చిన్నప్పుడు మేమూ చేశాం. బల్బులో నీళ్లు పోసి, అద్దంతో ఎండ పట్టి, ఫిల్ము ముక్కను ధోతి మీద చూపించినం. మేమూ దర్శకులమేనా?

బామ్మర్ది: మీది కదలలేదు కదా. ఆయన పట్టీ మీద బొమ్మకూ బొమ్మకూ మధ్య ఉండే ఫ్రేము గీతలే లేవు. ఒక్కో రెక్క అనేక ఫ్రేముల మీదుగా పరుచుకుంటుంది. మెషిన్ దాన్ని ముక్కలుగా కోసి ఒకదాని వెంట ఒకటి చూపిస్తుంది. చచ్చిన రెక్క కొట్టుకుంటున్నట్టే ఉంటుంది.

బావ: అంటే మెషిన్ గొప్ప. నేనదే అంటున్నా.

బామ్మర్ది: నీతో వాదించలేను. తర్వాత ఫిల్ము మీద చేత్తో రంగులేశాడు, ఏళ్ల తరబడి. మూత్రాశయ క్యాన్సర్ వచ్చింది. ఆ రంగుల వల్లే అని ఆయన అనుమానం.

బావ: ...మా క్యాబిన్‌లో కార్బన్ల పొగ పోయే గొట్టం సగం మూసుకుపోయి ఉండేది. ఎవరూ బాగుచేయించలేదు. నా ముందున్న ఆపరేటర్ రాత్రంతా దగ్గేవాడు.

బామ్మర్ది: ఈ మాట నాకెప్పుడూ చెప్పలేదు.

బావ: నువ్వు కార్బన్ అనగానే నవ్వుతావు కదా.

బామ్మర్ది: మంచం మీద నుంచి కూడా వదల్లేదు ఆయన. ఫిల్మును ఉమ్మితో తడిపి గోరుతో గీశాడు. అదే ఆఖరిది, ‘చైనీస్ సిరీస్’.

బావ: ఉమ్మితోనా? నిజమే, తడిస్తే ఎమల్షన్ మెత్తబడతది. గోరుకు వస్తది. ముప్పై అయిదు ఎం.ఎం. వెడల్పు ఫిల్మేనా?

బామ్మర్ది: అవును. ఆయన పెళ్లి, పిల్లలు, కొలరాడోలో పాఠాలు... ఏదీ చెప్పనే లేదు.

బావ: చెప్పు, ఎవరొద్దన్నరు? కానీ ఒక్కటి, గోరుతో గీస్తే గీత అంచు...

బామ్మర్ది: అక్క ఫోన్ చేస్తోంది బావా. నువ్వే ఎత్తు.