నాలుగు కథలు, ఒక శవం, కలకత్తా

అందరికీ నమస్కారం. సినిమాకి ముందు మైకు పట్టుకున్నవాణ్ణి ఎవరూ ఎక్కువసేపు భరించరు. ఆ సంగతి నాకు తెలుసు కాబట్టి నేరుగా విషయంలోకి వస్తాను.

ఇప్పుడు మనం చూడబోయేది బెంగాలీ దర్శకుడు మృణాల్ సేన్ తీసిన ‘కలకత్తా 71’. 1972లో వచ్చింది. దీనికి ముందు తీసిన ‘ఇంటర్వ్యూ’, తర్వాత తీసిన ‘పదాతిక్’ కలిపి కలకత్తా త్రయం అంటారు. సేన్ మనకి మరీ పరాయివాడు కాదు. ప్రేమ్‌చంద్ ‘కఫన్’ కథని 1977లో ‘ఒక ఊరి కథ’ పేరుతో తెలుగులోనే తీశాడు. ఆ సినిమా చూసినవాళ్లు తెలుగునాట ఎంతమంది ఉంటారో లెక్కపెట్టడం మొదలుపెడితే సభ పాడవుతుంది, వదిలేద్దాం.

ఒక నగరం, అందులో నలుగురైదుగురు మనుషులు, విడివిడిగా నడిచే వాళ్ల కథలు. ఇలాంటి సినిమాలు మనకి కొత్త కాదు. వాటిలో పాత్రలకి ఒకరి సంగతి ఒకరికి తెలీదు, అందరి సంగతీ తెలిసినవాడు ప్రేక్షకుడొక్కడే. కథలన్నిటినీ కలపడానికి ఎక్కడో ఒక పెద్ద చప్పుడు కావాలి. 2000లో దర్శకుడు ఇన్యారిటు మెక్సికో సిటీలో తీసిన ‘అమోరెస్ పెర్రోస్’లో అది కారు ప్రమాదం. 2010లో క్రిష్ తీసిన ‘వేదం’లో ఆస్పత్రి మీద ఉగ్రవాదుల దాడి. రెండూ నాకు ఇష్టమైన సినిమాలే. కానీ ఈ పద్ధతితో నాకో పేచీ ఉంది. ప్రమాదం ఎవరికైనా జరగొచ్చు. తూటా ఎవరికైనా తగలొచ్చు. అలా కలిపినప్పుడు నగరం ఉత్త కూడలి అయిపోతుంది. ఆ మనుషుల్ని అక్కడికి తరిమినవాళ్లు ఎవరన్న ప్రశ్న చప్పుడులో కొట్టుకుపోతుంది.

సేన్ ఆ చప్పుడు పెట్టలేదు. అసలు ఆయన మనుషులు కలుసుకునే వీలే లేదు, ఎందుకంటే వాళ్లు ఒకే కాలంలో లేరు. మొదటి కథ 1933లో, రెండోది 1943లో, మూడోది 1953లో, నాలుగోది 1971లో జరుగుతాయి. మొదటి మూడింటికీ ఆధారం బెంగాలీ కథలే. రచయితలు వరసగా మాణిక్ బందోపాధ్యాయ, ప్రబోధ్ సన్యాల్, సమరేశ్ బసు.

1933 కథలో జరిగేదంతా ఒక్క రాత్రి వాన. పూరిపాకలో ఒక కుటుంబం. పైకప్పు కారుతుంటే పిల్లల్ని ఈ మూల నుంచి ఆ మూలకి జరుపుకుంటూ ఉంటారు. ఇంటి యజమానికి వాన మీద కోపం, ఆ కోపం పెళ్లాం మీదికి, పిల్లల మీదికి మళ్లుతుంది. కాసేపయ్యాక ఆ పాకలో పొడిగా ఉన్న చోటు ఎక్కడుందా అని మన కళ్లు కూడా వెతకడం మొదలుపెడతాయి. కె.కె. మహాజన్ కెమెరా పనితనం అది. పేదరికం గురించి ఉపన్యాసం ఒక్కటి లేదు, ఉన్నది నీళ్లే.

రెండో కథ నాటికి కరువు వచ్చింది. 1943 బెంగాల్ కరువులో చనిపోయినవాళ్లు ముప్ఫై లక్షల దాకా ఉంటారని అంచనా. వానలు లేక వచ్చిన కరువు కాదది. యుద్ధం, ధరలు, ధాన్యం దాచుకున్నవాళ్లు, పట్టించుకోని ప్రభుత్వం, అన్నీ కలిసి తెచ్చింది. కానీ ఈ కథ శవాల మధ్య నడవదు. పరువుగా బతికిన ఒక మధ్యతరగతి ఇంటికి ఢిల్లీ నుంచి చుట్టం వస్తాడు. ఆ ఇంటి ఆడవాళ్లు పూట గడవడానికి ఏం చేస్తున్నారో అతనికి మెల్లగా అర్థమవుతుంది. మనకి అతనికన్నా కొంచెం ముందే అర్థమవుతుంది, ఆ కొద్దిపాటి తేడాలోనే గుండె బరువెక్కుతుంది. ఆ ఆడవాళ్లలో ఒకరిగా వేసిన మాధవీ ముఖర్జీని చూడండి. ఆమె ముఖంలో సిగ్గు కన్నా విసుగు ఎక్కువ. సిగ్గుపడాల్సింది తను కాదని ఆమెకి తెలుసు.

మూడోది రైల్లో నడుస్తుంది. నగరానికి దొంగచాటుగా బియ్యం చేరవేసే కుర్రాళ్ల కథ. సినిమా మొత్తంలో నవ్వొచ్చే భాగం ఇదొక్కటే. పెట్టెలో పెద్దమనుషులకి ఆ పిల్లలంటే అసహ్యం. ఇంట్లో తాము తింటున్న బియ్యం ఎలా వచ్చిందన్న ఆలోచన మాత్రం ఎవరికీ రాదు.

గమనించారా, కథలు ఇక్కడే ముడిపడుతున్నాయి. ముడి మనుషుల మధ్య లేదు, బియ్యంలో ఉంది. పదేళ్ల కింద ఒక ఇంటి పరువు తీసిన బియ్యమే ఇప్పుడు ఈ కుర్రాణ్ణి దొంగని చేసింది. ఈ మాట అన్నాక ‘వేదం’కి కూడా న్యాయం చెయ్యాలి. అందులో నాకు గుర్తుండిపోయింది తుపాకుల మోత కాదు. సిరిసిల్ల నుంచి వచ్చిన రాములు, మనవణ్ణి విడిపించుకోవడం కోసం కిడ్నీ అమ్మిన కోడలు, న్యూ ఇయర్ పార్టీ పాసుల కోసం ఆ డబ్బు లాక్కుపోయిన కేబుల్ రాజు. ఒకరి ఒంట్లోంచి తీసిన డబ్బు ఇంకొకరి సరదాకి టికెట్ కాబోతుంది. ‘అమోరెస్ పెర్రోస్’లోనూ అంతే. కుక్క పందేల్లో ఒకడు కూడబెట్టిన డబ్బుని నుజ్జయిన కారులోంచి ఇంకొకడు తీసుకెళతాడు. చప్పుడు సంగతి మర్చిపోయి, డబ్బు ఎవరి చేతిలోంచి ఎవరి చేతికి పోతోందో చూస్తే ఆ రెండు సినిమాలూ సేన్‌కి దగ్గరి చుట్టాలే అనిపిస్తాయి.

ఇక 1971. నక్సల్బరీలో రైతుల తిరుగుబాటు రగిలి అప్పటికి నాలుగేళ్లు. కలకత్తా వీధుల్లో రోజూ ఎవరో ఒక కుర్రాడి శవం. సరిహద్దు అవతల తూర్పు పాకిస్తాన్ తగలబడుతుంటే దేశంలోకి దాదాపు కోటి మంది శరణార్థులు వచ్చారు. ఈ నేపథ్యంలో నాలుగో కథ ఎక్కడ పెట్టాడు సేన్? ఒక విందులో. బాగా ఉన్నవాళ్లు గ్లాసులు పట్టుకుని, బ్యాండు హోరులో, జనం కష్టాల గురించి మాట్లాడుకుంటూ ఉంటారు. ఈ భాగం మరీ మొరటుగా ఉందని, వెక్కిరింపు ఎక్కువైందని అనేవాళ్లున్నారు. మొరటుగా ఉన్నమాట నిజమే. కానీ మూడు కథల పాటు సన్నగా, ఓపిగ్గా చెప్పినవాడు ఇక్కడ గొంతు పెంచాడంటే అది చేతగాక కాదు. తీస్తున్నప్పుడు బయట వీధి అలా ఉంది.

ఈ నాలుగింటినీ కలిపేవాడు ఇరవై ఏళ్ల కుర్రాడు. పోలీసు కాల్పుల్లో చచ్చిపోయినవాడు. పేరు లేదు. వెయ్యేళ్లుగా తన వయసు ఇరవయ్యే అంటాడు, వెయ్యేళ్లుగా ఆకలినీ చావునీ చూస్తూ నడుస్తున్నానంటాడు. చివర్లో మన వైపు తిరిగి, తనని చంపిందెవరో తనకి తెలుసుననీ, పేరు మాత్రం చెప్పననీ, మీరే కనుక్కోండనీ అంటాడు. అలా అడిగే పాత్ర ఉంటే కథల్ని కలపడానికి కారు ప్రమాదం అక్కర్లేదు. నా మటుకు నాకు ఈ ఒక్క ఎత్తుగడ కోసమే ఈ సినిమా ఎన్నిసార్లయినా చూడొచ్చు.

ఒక మనవి. కథకీ కథకీ మధ్య వచ్చే వీధి దృశ్యాలప్పుడు లేచి బయటికి వెళ్లకండి. పరుగులు, ఊరేగింపులు, ఆనంద శంకర్ సంగీతం, అవి విరామం కాదు. సినిమా అయ్యాక మాట్లాడుకుందాం. ముఖ్యంగా ఆ విందు కథ నచ్చనివాళ్లు ఉండిపోండి, మీతో నాకు పనుంది.