బ్రౌజర్ అప్‌డేట్ అయితే ఏమవుతుంది?

శ్రోతలకు నమస్కారం.

"అప్‌డేట్ చేస్తే సిస్టమ్ ఇంకా స్లో అయిపోతుందండీ." గాజువాకలో ఏ నెట్ సెంటర్‌లో కూర్చున్నా ఈ మాట వినిపిస్తుంది. బ్రౌజర్ విషయంలో మాత్రం చాలాసార్లు జరిగేది దీనికి తలకిందులు.

2008లో గూగుల్ బ్రౌజర్ క్రోమ్ వచ్చినప్పుడు, ఒక పేజీ చెడితే మిగతావి కూడా మూసుకుపోకూడదని ట్యాబ్‌లను విడివిడి ప్రాసెస్‌లుగా, అంటే ఒకదానితో ఒకటి ముడిపడని పనులుగా నడపడం మొదలుపెట్టింది. ఆలోచన మంచిదే, ఖర్చంతా ర్యామ్‌ది, అంటే నడుస్తున్న పనుల కోసం సిస్టమ్ వాడుకునే మెమరీది. 4 జీబీ ర్యామ్ ఉన్న పాత సిస్టమ్‌లో మెయిలు, యూట్యూబు, బ్యాంకు, ఉద్యోగ దరఖాస్తు అన్నీ ఒకేసారి తెరిస్తే మౌస్ కూడా మొరాయిస్తుంది.

ఆ బరువు దించింది తర్వాతి అప్‌డేట్లే. 2021లో ఎడ్జ్, ఫైర్‌ఫాక్స్ అనే బ్రౌజర్లు, 2022 చివర్లో క్రోమ్, మనం చూడకుండా వదిలేసిన ట్యాబ్‌లను పక్కన పెట్టడం నేర్చుకున్నాయి. ఎడ్జ్ వాటిని నిద్రపుచ్చుతుంది. ఫైర్‌ఫాక్స్ మెమరీ చాలనప్పుడు దించేస్తుంది. క్రోమ్‌లో మెమరీ సేవర్ ఆ పని చేస్తుంది: ట్యాబ్ పేరు పైన అలాగే ఉంటుంది, నొక్కితే పేజీ మళ్లీ లోడవుతుంది.

మరి సగం నింపిన ఫారం పోతుందేమోనని టెన్షనా? అలాంటి పేజీని, పాట మోగుతున్నదాన్ని, డౌన్‌లోడ్ నడుస్తున్నదాన్ని మెమరీ సేవర్ ముట్టుకోదు. అయినా సబ్మిట్ కొట్టేదాకా లేవకపోవడమే మేలంటాను. బ్రౌజర్ ఊరుకున్నా, కొన్ని సైట్లు కాసేపటికే సెషన్ అయిపోయిందంటాయి!

విండోస్‌లో క్రోమ్ తెరిచి షిఫ్ట్, ఎస్కేప్ మీటలు కలిపి నొక్కి చూడండి. ఏ ట్యాబ్ ఎంత మెమరీ తింటోందో వరసగా కనిపిస్తుంది. ఎప్పుడో తెరిచి మరిచిపోయిన పేజీయే పైన ఉన్నా ఆశ్చర్యం లేదు.

ఇక వెబ్ యాప్‌లు. అంటే బ్రౌజరే నడిపే యాప్‌లు. అరకు రైల్లో సొరంగాల దగ్గర సిగ్నల్ పోతుంది కదా. బ్రౌజర్లలో సర్వీస్ వర్కర్ అనే ఏర్పాటు వచ్చాక, ముందే దాచుకున్న పేజీలను వెబ్ యాప్ నెట్ లేకపోయినా చూపించగలదు, తయారుచేసినవాళ్లు ఆ వీలు పెట్టి ఉంటే. ఐఫోన్ హోమ్ స్క్రీన్ మీది వెబ్ యాప్‌లకు నోటిఫికేషన్లు వచ్చింది కూడా 2023లో, ఐఓఎస్ 16.4 అప్‌డేట్‌తోనే.

విండోస్ 7 వాడేవాళ్లకు మాత్రం క్రోమ్ 109 దగ్గరే ఆగిపోయింది. ఆ తర్వాతివి కావాలంటే కనీసం విండోస్ 10 ఉండాలి. మిగతావాళ్లు పై మూలన మూడు చుక్కలు నొక్కి, హెల్ప్‌లో అబౌట్ క్రోమ్ తెరవండి. అప్‌డేట్ దిగాక రీలాంచ్ అని అడుగుతుంది. నొక్కితే మామూలు ట్యాబులు తిరిగి తెరుచుకుంటాయి, హిస్టరీ దాచుకోని ఇన్‌కాగ్నిటో విండోలోవి రావు. వాటిలో పనేమైనా ఉంటే ముందే చూసుకోండి.

సెలవు.