గూటి మీద తెల్ల ఎక్స్: స్టెబిలిమెంటమ్ అంటే ఏంది?

అక్క: నమస్తే అందరికీ. ఇయ్యాల ఎపిసోడ్ మొత్తం ఒక్క మాట మీదనే నడుస్తది, స్టెబిలిమెంటమ్. వానలు తగ్గుముఖం పట్టినయంటే చాలు మనకు ఫోటోలు పంపుడు షురువైతది, కల్యమాకు చెట్టుకు పెద్ద సాలెగూడు కట్టింది, మధ్యల పసుపు నలుపు చారల సాలీడు, దాని చుట్టూ తెల్లగ ఎక్స్ గీసినట్టు ఉన్నది, ఇదేంది అక్కా అని. ఒక్కొక్కరికి టైప్ చేసుడు నాతోని అయ్యే పని కాదు, అందుకే మైక్ ముందర కూసున్న.

తమ్ముడు: పేరు వింటే మెడికల్ షాపుల అడిగే ఆయింట్‌మెంట్ లెక్క ఉంది.

అక్క: ఆ ఎక్స్ పేరేరా అది. సాలీడు పేరు కాదు, గూడు పేరు కాదు, గూడు అల్లుడు అయినంక దాని మీద ఎక్స్‌ట్రాగ వేసే ఆ తెల్ల పట్టు అల్లికను స్టెబిలిమెంటమ్ అంటరు. లాటిన్ మాట, ఒకటుంటే స్టెబిలిమెంటమ్, ఎక్కువుంటే స్టెబిలిమెంటా. ఆన్‌లైన్ల ఒక స్టెబిలిమెంటా అని రాసేటోళ్లున్నరు, స్టెబిలిమెంటమ్స్ అని రాసేటోళ్లున్నరు, రాసుకోనీ, నాకు దాంతోని లొల్లి లేదు. కానీ కొందరు ఫోటో కింద "స్టెబిలిమెంటమ్ స్పైడర్" అని పెడ్తున్నరు చూడు, అది తప్పు, అట్ల ఏ సాలీడు లేదు. మన దగ్గర ఎక్స్ వేసేది ఆర్జియోపి జాతి, ఆర్జియోపి అనసూజ, ఆర్జియోపి పుల్చెల్లా ఇట్ల, సంతకం పెట్టినట్టు ఉంటదని సిగ్నేచర్ స్పైడర్ అంటరు.

తమ్ముడు: నేను కొత్తగూడ బొటానికల్ గార్డెన్ల చూసిన. కానీ దానికి నాలుగే కాళ్లున్నట్టు కనబడ్డది అక్కా, సగం కాళ్లు ఏమైనయో అనుకున్న.

అక్క: ఏం పోలే, ఎనిమిది ఉన్నయ్. తల కిందికి పెట్టి, రెండు రెండు కాళ్లు జతగ దగ్గరికి పెట్టి చాపి కూసుంటది, ఆ నాలుగు జతలు సరిగ్గ ఎక్స్ చేతుల లైన్లనే పడ్తయ్, అందుకే కాలు ఎక్కడ అయిపోయిందో తెల్లది ఎక్కడ షురువైందో దూరం నుంచి తెల్వది. ఈసారి పోతే దాన్ని ముట్టుకోకుండ ఓ రెండడుగుల దూరంల ఆగి, పక్క నుంచి ఎండ పడేటట్టు చూడు. గూటి మామూలు దారం కంటికి ఆనీ ఆననట్టే ఉంటది, ఈ ఎక్స్ చేతులు మాత్రం వెడల్పుగ, అటొక మడత ఇటొక మడత జిగ్‌జాగ్‌గ కుట్టుకుంట పోయినట్టు ఉంటయ్. అది ఒక్క దారం కాదు, శానా సన్న పోగులన్నీ ఒక్కసారే బయటికొచ్చి పరుచుకున్న పట్టీ. అసినిఫార్మ్ అనే గ్రంథుల నుంచి వస్తది ఆ పట్టు, అదే పట్టుతోని అది వేటను చుట్టేస్తది కూడ.

తమ్ముడు: ఆగు, ఎక్స్‌ వేసే పట్టు, వేటను చుట్టే పట్టు ఒకటేనా?

అక్క: ఒకటే. మిడత పడ్డదనుకో, వెనక కాళ్లతోని పట్టు గుంజి దాని మీద కప్పుకుంట, తిప్పుకుంట, మొత్తం మూట కట్టినంకనే కొరుకుతది. అదే సీతాకోకచిలుకో రెక్కల పురుగో పడ్డదనుకో ముందుగాల కొరుకుతది, తర్వాత చుట్టుడు, ఎందుకంటే వాటి రెక్కల మీద పొడి లెక్క పొలుసులుంటయ్ కదా, జిగట దారానికి ఆ పొలుసులు వదిలేసి అవి జారిపోతయ్, చుట్టుకుంట కూసుంటే చేతికి రావు. ఇంత చిన్న జీవికి ఎవరికెట్ల చెయ్యాలె అనేది తెలుసు, మనకేమో దాని ఎక్స్ ఎందుకో వంద ఏండ్ల సంది తెల్వకపాయె.

తమ్ముడు: స్టెబిలిమెంటమ్ అంటేనే స్టేబుల్‌గ ఉంచేది కదా, పేరులనే జవాబు ఉన్నట్టుంది.

అక్క: నీలెక్కనే అందరు అనుకుంటరు, ఈ మాటతోని తంటా మొత్తం అక్కడనే. స్టెబిలిమెంటమ్ అంటే లాటిన్ల ఊతం, ఆసరా అని. యూజీన్ సీమోన్ అని ఫ్రాన్స్‌ల సాలీళ్ల మీద పెద్ద పండితుడు ఉండె, వేల రకాల సాలీళ్లకు పేర్లు పెట్టినాయన, ఆయన 1895ల ఈ తెల్ల పట్టీలు గూటికి గట్టితనం ఇస్తయ్ అని రాసిండు. ఆ ఆలోచన తర్వాత శానా మటుకు పక్కకు పోయింది, మాట మాత్రం కుర్చీ వేసుకుని కూసున్నది. ఎందుకు పక్కకు పోయిందంటే, ఒకటి, ఈ పట్టీ గూడు మొత్తం అయినంక పైన వదులుగ అతికించేది, బరువు మోసే జాగల ఉండేది కాదు. ఇంకోటి, అదే సాలీడు ఇయ్యాల నాలుగు చేతులు వేస్తది, రేపు రెండే వేస్తది, ఎల్లుండి అసలే వెయ్యది, వెయ్యని రోజు గూడేం కూలిపోదు.

తమ్ముడు: అంటే ఏం పని చేస్తదో చూడకముందే పేరు పెట్టేసిన్రు.

అక్క: చూడకముందే. మరి ఆలోచన ఎటు మళ్లిందంటే, ఎవరెవరు వేస్తున్నరో చూసిన్రు. రాత్రి గూడు కట్టి తెల్లారేటప్పటికి విప్పేసే సాలీళ్లు దాదాపు వెయ్యవు, పొద్దుందాక గూటి నడుమ కూసునేవే వేస్తయ్. అంటే ఎవరికో కనబడాలని వేస్తున్నదన్నట్టు. ఎవరికి? ఇక్కడ కొట్లాట మొదలైంది. 1983ల ఐస్నర్, నొవిక్కీ అని ఇద్దరు అమెరికాల ఒక పని చేసిన్రు, అసలు ఎక్స్ లేని గూళ్లకు వీళ్లే తెల్లటి గుర్తులు పెట్టిన్రు, గుర్తు లేని గూళ్లేమో పక్షులు తిరిగే పొద్దుటి టైముల శానా మటుకు చిరిగిపోయినయ్, గుర్తు ఉన్నయి ఎక్కువ నిలిచినయ్. పక్షికి కూడ గూట్ల దూసుకపోతే ముక్కుకు రెక్కకు జిగటంటుకుని ఇబ్బందే కదా, కనబడితే తప్పుకుంటది, గూడు మళ్ల కట్టుకునే ఖర్చు సాలీడుకు మిగులుతది.

తమ్ముడు: ఇది నమ్మబుద్ధి అయితుంది. అయిపోయింది ఎపిసోడ్, బై.

అక్క: కూసో. 1990ల కేథరిన్ క్రెయిగ్, గ్యారీ బెర్నార్డ్ అని ఇంకో ఇద్దరు, కాదు ఇది పురుగులను పిలిచేటందుకు అన్నరు. ఆ పట్టు అల్ట్రావయలెట్ వెలుతురును మస్తు తిప్పికొడ్తది, మనకు కనబడది కానీ తేనెటీగల అసొంటి పురుగులకు కనబడ్తది, పూలు కూడ అదే వెలుతురుల గుర్తులు చూపిస్తయ్ వాటికి. పూవనుకుని వచ్చి ఇరుక్కుంటయ్ అని వీళ్ల వాదన. మంచిగ ఉన్నది కదా? 1999ల బ్లాక్‌లెడ్జ్, వెంజెల్ అనేటోళ్లు ఆర్జియోపి ఆరాంషియా గూళ్లు లెక్కపెట్టి చూస్తే తెల్ల పట్టీ ఉన్న గూట్ల పురుగులు సుమారు 30 శాతం తక్కువ పడ్డయ్. తక్కువ! పక్షులు మాత్రం ఆ పట్టీ ఉంటే దూరం పోయినయ్. అంటే తిండి కొంత పోగొట్టుకుని ప్రాణం, గూడు కాపాడుకుంటున్నది అన్నట్టు.

తమ్ముడు: అయితే పక్షి పార్టీ గెలిచినట్టే.

అక్క: గెలుస్తుండె, సింగపూర్‌ల సీన్ మారింది. అక్కడ పోర్షియా అని ఒక గెంతే సాలీడు ఉంటది, వేరే సాలీళ్లను తినుడే దాని పని, మస్తు తెలివి, మస్తు చూపు. 2001ల సియా, లీ అనేటోళ్లు చూపించిందేందంటే, ఈ ఎక్స్ ఉన్న గూళ్ల దిక్కే పోర్షియా ఎక్కువ పోతది, అంటే సంతకం పెట్టి దొంగకు అడ్రస్ ఇచ్చినట్టే అయింది. ఇంకా నాకు నచ్చిన ముచ్చట, 2004ల ఒక పని అయింది, పోర్షియా వాసన తగిలితే చాలు, పిల్ల ఆర్జియోపిలు ఎక్స్ వేసుడు తగ్గించినయ్. సాలీడు కనబడకున్నా వాసనకే. అంటే అది రోజూ లెక్క వేసుకుంటున్నది, ఇయ్యాల వెయ్యాల్నా వద్దా, ఎంత వెయ్యాలె అని.

తమ్ముడు: నాకైతే ఇప్పుడు దాని మీద గౌరవం పెరిగింది. అమ్మ మొన్ననే అన్నది, శ్రీకాళహస్తిల శ్రీ అంటే సాలీడే, శివుడికి గూడు అల్లి పూజ చేసింది, చీపురుతోని కొట్టకు అని. కొట్టేది మాత్రం అమ్మనే.

అక్క: (నవ్వు) ఇంట్ల మూలకు పట్టే బూజు వేరే సాలీళ్లది లే, అమ్మకు క్లీన్ చిట్. సరే, ఇంకో లెక్క కూడ ఉన్నది, ఎవరికీ కనబడేటందుకు కాదు, గ్రంథుల కోసం అని. 2008ల ఆర్జియోపిల మీద చూసిన్రు, వేటను మస్తు చుట్టి పట్టు ఖర్చయినంక అది ఎక్స్ ఇంకా ఎక్కువ వేసింది. ఖర్చయితే పొదుపు చెయ్యాలె కదా, ఇది ఉల్టా చేస్తున్నది. ఎందుకంటే ఆ గ్రంథి నడుస్తనే ఉండాలె, రేపు మిడత పడ్తే పట్టు తయారుగ ఉండాలె అని వాళ్ల అంచనా.

తమ్ముడు: మరి అందరు ఒక్కదాని మీదనే పని చేస్తున్నరా, వేరే వేరే సాలీళ్లా?

అక్క: కరెక్టు జాగల పట్టుకున్నవ్. ఈ మాటను వాడుడుల పెద్ద గందరగోళం అదే. సైక్లోసా అని చిన్న సాలీడు ఉంటది, మన గార్డెన్లల్ల కూడ కనబడ్తది, అది తిన్న పురుగుల తొక్కలు, చెత్త, గుడ్ల సంచులు అన్నీ ఒక నిలువు లైన్‌గ గూటి నడుమ పేర్చి అందుల తాను కూడ చెత్త లెక్కనే ముడుచుకుని కూసుంటది. దాన్నీ స్టెబిలిమెంటమ్ అనే రాసిన్రు పాత పుస్తకాలల్ల. యులోబోరిడ్స్ అని విషమే లేని కుటుంబం ఉన్నది, అవి సుడి తిరిగినట్టు వేస్తయ్, అదీ స్టెబిలిమెంటమే. జపాన్ల తకేషి వతనబె అట్లాంటి ఒక సాలీడు మీద చూస్తే, ఆకలిగున్నది సుడి ఆకారం వేస్తది, ఆ గూట్ల దారాలు బిగువుగ ఉంటయ్, చిన్న ఈగ పడ్డా గభాల్న పట్టుకుంటది. అంటే ఈ ఒక్క కేసుల సీమోన్ చెప్పిన దారం బిగువు ముచ్చటకు కొంచెం దగ్గరికొచ్చినట్టు. 2025ల అయితే ఐరోపా ఆర్జియోపి బ్రూనికీ గూటిని కంప్యూటర్ మోడల్ చేసి అదురు ఎట్ల పాకుతదో చూసిన్రు, శానా వరకు తెల్ల పట్టీ ఉన్నా లేకున్నా ఫరక్ పడలే, సుడి దారం పొంటి వచ్చే అదురు దగ్గర మాత్రం వేట ఎక్కడున్నదో పట్టుడుకు కొంత పనికొస్తుండొచ్చు అన్నరు.

తమ్ముడు: ఇన్ని రకాలకు ఒకటే పేరు పెడితే ఒకటే జవాబు ఎట్ల దొరుకుతది? వేరే పేరు పెట్టొచ్చు కదా.

అక్క: పెట్టిన్రు. చానా మంది ఇప్పుడు వెబ్ డెకరేషన్, సిల్క్ డెకరేషన్ అని రాస్తున్నరు, పని ఏందో చెప్పకుండ ఉండే పేరు అని.

తమ్ముడు: డెకరేషన్ అంటే మాత్రం? పెళ్లి మండపమా? ఎవరో చూడాలని వేసిందే అన్నట్టు అయింది కదా. గ్రంథుల కోసం వేస్తుంటే అది డెకరేషన్ ఎట్లయితది?

అక్క: అదీ నిజమే, ఇది నేను అనుకోలే. సరే నా మటుకు నేను పాత మాటనే వాడ్త, స్టెబిలిమెంటమ్, ఎందుకంటే అది అంటే ఏ వస్తువో అందరికీ తెలుస్తది, వెతికితే పాత పేపర్లు కొత్త పేపర్లు రెండూ దొరుకుతయ్. కానీ పేరును సాక్ష్యం చేయొద్దు. "స్టెబిలిమెంటమ్ అంటరు కాబట్టి గూటికి గట్టి" అని క్యాప్షన్ పెడ్తే మాత్రం నేను కామెంట్ల కొట్లాడ్త. ఆర్జియోపి వరకైతే నేను పక్షి పార్టీనే, కొద్దిగ గ్రంథుల పార్టీ. సైక్లోసా చెత్త లైన్ వేరే కథ, అది దాక్కునేటందుకు, రెండిటినీ ఒక్క గాట కట్టొద్దు.

తమ్ముడు: ఇంకోటి, ఫోటోల ఎక్స్ ఉంటే చాలు ఆర్జియోపి అని రాసేయొచ్చా?

అక్క: జాతి వరకు నడుస్తది, ఏ రకమో మాత్రం ఎక్స్ చూసి చెప్పలేం, పొట్ట మీద చారలు చూడాలె. పిల్లలైతే ఎక్స్ కూడ వెయ్యవు, గుండ్రంగ పళ్లెమంత తెల్లగ అల్లుతయ్, పెద్దగయినంకనే చేతులొస్తయ్. ఫోటో పంపేటోళ్లు సాలీడును రెండు దిక్కుల నుంచి తీయండ్రి, వీపు, పొట్ట, గూడు మొత్తం ఒకటి. పక్కన చిన్నగ గోధుమ రంగుల ఒకటి వేలాడుతుంటే అది పిల్ల కాకపోవచ్చు, మొగుడు కావచ్చు, ఆడదాని ముందు శానా చిన్నగ ఉంటడు.

తమ్ముడు: పాపం. కరుస్తదా మనల్ని?

అక్క: దాని జోలికి పోకుంటే ఏం చెయ్యది, విషం మనిషికి ప్రమాదమేం కాదు. దగ్గరికి పోతే గూడంతా ఊపుతది, లేకుంటే టప్పున కింద పడి ఆకులల్ల దాక్కుంటది. అపార్ట్‌మెంట్లల్ల మాలికి ఒక మాట చెప్పి పెట్టండ్రి, దసరా ముందు క్లీనింగ్ల మొక్కల మధ్యన ఉన్న గూళ్లు కూడ కర్రతోని తిప్పేస్తున్నరు, దోమలు ఈగలు పడేది అందుల్నే. వచ్చే ఎపిసోడ్ కలమిస్ట్రమ్, కొన్ని సాలీళ్ల వెనక కాలి మీదుండే వెంట్రుకల వరుస, దాంతోని పట్టును దువ్వుతయ్.

తమ్ముడు: దువ్వుతయా?

అక్క: వచ్చే వారం చెప్త. వాయిస్ నోట్లు పంపండ్రి, ఉంటం మరి.